టేపు మాస్టారి కొట్లో కెమెరా

టేపు మాస్టారు పుట్టు పిరికి. ఈ మాట ఆయన చాటున అనుకునేది కాదు, ఎదురుగానే అనేవారు, ఆయనా ఒప్పుకునేవాడు. కత్తెర పట్టి ముప్ఫై ఏళ్ళు దాటినా, ఎవరైనా ఖరీదైన గుడ్డ తెచ్చి బల్ల మీద పరిచారంటే, మొదటి కోతకు ముందు ఒకసారి బయటికి వెళ్ళి మంచినీళ్ళు తాగి వచ్చేవాడు. కొలతలు ఒకటికి రెండుసార్లు తీసేవాడు. మూడోసారి కూడా తీయబోతే, "ఇంతలోనే నేను లావెక్కానా మాస్టారూ, కానివ్వండి" అని విసుక్కునేవాళ్ళు. టేపు మెడలోంచి తీయకుండానే తింటాడనీ, అలాగే పడుకుంటాడనీ వీధిలో ఒక హాస్యం. పేరు అలా వచ్చింది, అలాగే ఉండిపోయింది.

తల్లిదండ్రులు పోయేనాటికి ఆయనకు మీసం మొలవలేదు, తమ్ముడికి నడక సరిగా రాలేదు. మేనమామ దగ్గర పని నేర్చుకుంటూ, కోతల్లో మిగిలిన ముక్కలు అతికి తమ్ముడికి చొక్కాలు కుట్టి పెంచాడు. ఆ చొక్కాలకు ఒక చెయ్యి గీతలది, ఇంకో చెయ్యి పువ్వులది. ఎవరైనా నవ్వితే తమ్ముడు వెళ్ళి కొట్టి వచ్చేవాడు, అన్న వెళ్ళి వాళ్ళింట్లో బతిమాలి వచ్చేవాడు. "వీడికి రావలసిన ధైర్యం కూడా వాడే ఎత్తుకుపోయాడు" అనేవాడు మేనమామ. పెద్దయ్యాక తమ్ముడు బస్సు డిపోలో మెకానిక్ అయ్యాడు. ఊరుకుంటాడా, సంఘానికి నాయకుడు కూడా అయ్యాడు. అన్న మాత్రం పెళ్ళి చేసుకుని, పిల్లలు కలగకుండానే భార్యను పోగొట్టుకుని, తన కొట్లోనే ఒంటరిగా మిగిలాడు.

ఆ కొట్టు వీధి మలుపులో ఉంది. ముందు గది కొట్టు, వెనక గది ఇల్లు, రెంటికీ మధ్య తలుపు లేదు, మందపాటి కర్టెన్ ఒకటి వేలాడుతుంది. ముందు గదిలో కోత బల్ల, రెండు కుట్టుమిషన్లు, ఇస్త్రీపెట్టె, టీ కాచుకునే స్టవ్, బట్టలు వేసుకుని చూసుకోవడానికి నిలువుటద్దం. పక్క గోడకు ఆనుకుని తాళాల కొట్టు. పోయిన తాళంచెవులకు మారుచెవులు కోసి ఇచ్చే ఆ కొట్టు నడిపేది భర్త పోయిన ఒక ఆడమనిషి. అందరూ తాళాలావిడ అంటారు. కొట్టు ఆమెది కాదు, బావగారిది. తన తమ్ముడు పోయాక మరదలిని కొట్లో ఉండి బతకమన్నాడు గానీ, "పరువుగా ఉన్నన్నాళ్ళూ" అని ఒక మాట చేర్చి మరీ అన్నాడు. ఆవిడ నోరు పెద్దదే. నడవడిక మీద మాత్రం ఈగ వాలనిచ్చే మనిషి కాదు. రెండు కొట్లకూ వెనకాల ఉమ్మడి పెరడు.

ఇలాంటి కొట్లోకి సినిమావాళ్ళు వస్తున్నారని తెలిసి వీధంతా తలలు దువ్వుకుని వచ్చింది. తీరా చూస్తే వచ్చింది ఇద్దరే. భుజాన కెమెరాతో ఒకాయన, చేతిలో మైకుతో ఒక అమ్మాయి. ఆ అమ్మాయే డైరెక్టరు. అమ్మాయంటే నలభై దగ్గర పడుతున్న మనిషే, అయినా వీధికి ఆమె సినిమా అమ్మాయి అయిపోయింది.

"ఏడాది పాటు మీ కొట్లో కూర్చుంటాం మాస్టారూ. మీరు రోజూ చేసే పనే చెయ్యండి. మేం ఏమీ అడగం. అటు జరగండి, ఇటు తిరగండి అని కూడా అనం."

"మరి కథ?"

"కథేం లేదండీ. దేశం మారుతోందంటున్నారు కదా, అది మీ కొట్లోంచి ఎలా కనపడుతుందో చూద్దామని."

"దేశం నా కొట్లోకెందుకొస్తుందమ్మా? దానికేమన్నా ప్యాంటు కుట్టాలా?" అన్నాడు మాస్టారు. ఆయన హాస్యమాడేది భయపడ్డప్పుడే. వద్దనడానికి భయమేసి సరేనన్నాడు.

మొదట్లో ఆయన కొయ్యబారిపోయాడు. ఉతికిన చొక్కా తొడుక్కుని, కెమెరాకేసి దొంగచూపులు చూస్తూ, ఉత్త మిషన్ తొక్కేవాడు. సినిమా అమ్మాయి తొందరపడలేదు. మూలన పీట వేసుకుని, చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని కూర్చునేది. సగం రోజులు కెమెరా ఆన్ కూడా చేయించేది కాదు. జనం తమను మరిచిపోవాలి, అదే వాళ్ళ పనితనం. నెల తిరిగేసరికి మాస్టారు ఆమె ఎదుటే ముక్కు చీదడం, గుండీలు లెక్క తప్పి తనను తాను తిట్టుకోవడం మొదలుపెట్టాడు. కొట్టుకి వచ్చేవాళ్ళు కూడా కెమెరా ఆయన్ను దాటుకుని వెళ్ళి ప్యాంటు విప్పేసేవాళ్ళు.

ఆ తర్వాత దేశం నిజంగానే కొట్లోకి వచ్చింది. పాలన మారింది. తపాలా వాళ్ళ బట్టల రంగు మారింది, గుమాస్తాల బట్టల రంగు మారింది. పాత ప్రభుత్వపు గుర్తు జేబు మీద కుట్టి ఉన్న కోట్లు మోసుకుని జనం వరసగా వచ్చారు, పీకేయమని. గుర్తు పీకేస్తే సూది బెజ్జాలు మిగులుతాయి. తడిగుడ్డ వేసి ఇస్త్రీ చేసి, గోటితో రుద్ది, ఆ బెజ్జాలు పూడ్చడమే మాస్టారికి పొద్దస్తమానం పని. అంతకుముందు నడుం కొలత తీస్తుంటే ధరల నుంచి మంత్రుల దాకా తిట్టిపోసే మనుషులు ఇప్పుడు చేతులెత్తి నిలబడి గోడకేసి చూసేవాళ్ళు. సినిమా అమ్మాయికి ఆ మౌనం కూడా కావాలి. అదీ పట్టుకుంది.

డిపోలో సమ్మె జరిగింది. సమ్మె నడిపిన వాళ్ళను ఒక్కొక్కరినే ఇళ్ళ నుంచి తీసుకువెళ్ళారు. వెళ్ళినవాడు వెళ్ళినట్టే, తిరిగి రాలేదు. అడగడానికి వెళ్ళిన ఒకరి భార్య కూడా రాలేదు. ఒక సాయంత్రం పెరటి గోడ దూకి, అరికాలు చీలి నెత్తురోడుతూ తమ్ముడు వెనక గదిలోకి వచ్చిపడ్డాడు.

"రెండు రోజులు అన్నయ్యా. రెండు రోజులు ఉండి వెళ్ళిపోతా."

"నోర్ముయ్" అన్నాడు అన్న. జన్మలో తమ్ముణ్ణి ఆ మాట అనడం అదే మొదలు. ఎప్పుడూ కోటుకు వేసే సన్నని కుట్టే ఆ కాలికీ వేశాడు. మర్నాడు రొట్టెల దుకాణం ఆయన అడిగితే, తమ్ముడు సరిహద్దు దాటిపోయాడట, నాకో మాట కూడా చెప్పలేదు చూశారా అని కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. ఆ కన్నీళ్ళు దొంగవి కావు. భయానికి వచ్చాయి.

రెండు రోజులు రెండు నెలలయ్యాయి, నాలుగు నెలలయ్యాయి. దార్లన్నీ మూసేశారు. ఇక్కడ సినిమావాళ్ళు రోజూ వస్తున్నారు. మాస్టారి పని ముందు నుయ్యి వెనక గొయ్యి. రావద్దందామంటే, ఇన్నాళ్ళు లేనిది ఇప్పుడెందుకు వద్దంటున్నాడని ప్రశ్న పుడుతుంది. వాళ్ళ అనుమతి కాగితం మీద కొత్త వార్డు అధికారి సంతకం కూడా ఉంది. అధికారి ఒప్పుకున్నదాన్ని దర్జీ వద్దన్నాడంటే, ఆ దర్జీ ఇంట్లో ఏముందో చూడాలని ఎవరికైనా అనిపిస్తుంది. రమ్మందామంటే, కర్టెన్‌కు పది అడుగుల దూరంలో కెమెరా.

ఆ భయం ఎలాంటిదో పడ్డవాడికే తెలుస్తుంది. బూట్ల చప్పుడైతే సూది వేల్లో దిగేది. తమ్ముడు రాత్రంతా చెవులు రిక్కించి మేలుకుని, పగలు పడుకునేవాడు. పడుకున్నవాడు ఊరుకోడు, గురక. గురక మొదలవగానే మాస్టారు మిషన్ తొక్కుడు పెంచేవాడు. కుట్టడానికి ఏమీ లేకపోతే కుట్టిందే మళ్ళీ కుట్టేవాడు. ఆ రోజుల్లో కుట్టించుకున్న ప్యాంట్లు చిరుగుతాయేమో గానీ కుట్లు ఊడవని వీధిలో మంచిపేరు వచ్చింది.

అన్నిటికంటే ఆయన్ను చంపింది అద్దం. నిలువుటద్దం సరిగ్గా కర్టెన్‌కు ఎదురుగా ఉంది. గాలికి కర్టెన్ కదిలిందంటే వెనక గదిలో మంచం కోడు అద్దంలో పడుతుంది. ఒకరోజు మాస్టారు ఉండబట్టలేక అద్దాన్ని ఈడ్చి పక్క గోడకు చేర్చాడు. ఈడుస్తుండగా వెనక్కి తిరిగి చూస్తే కెమెరా తనవైపే ఉంది. అద్దం ఎందుకు మార్చారని సినిమా అమ్మాయి అడగలేదు. అడుగుతుందేమోనని మాస్టారు నాలుగు అబద్ధాలు సిద్ధం చేసుకున్నాడు, వెలుతురు బాలేదని, గోడ చెమ్మగా ఉందని. అడిగేవాళ్ళకైతే ఏదో ఒకటి చెప్పి బయటపడొచ్చు. అడగనివాళ్ళతో ఏం చేస్తాం? ఈ అమ్మాయికి తెలుసా, తెలియదా? తెలిసి ఊరుకుందా? ఎవరికైనా చెప్పేసిందా?

"నువ్వే వాళ్ళకి పట్టిస్తావు అన్నయ్యా, ఆ మొహంతో" అన్నాడు తమ్ముడు కర్టెన్ వెనక గుసగుసగా. "మామూలుగా ఉండు."

"మామూలుగా ఉండటమెలాగో మర్చిపోయాన్రా."

ఏడాది పూర్తయింది. సినిమావాళ్ళు పీటలు ఎత్తేశారు. మాస్టారు పెరట్లోకి వెళ్ళి గోడకు చేరబడి, తనివితీరా ఊపిరి పీల్చుకున్నాడు. కొన్ని నెలలకు సినిమా అమ్మాయి మళ్ళీ వచ్చింది, కెమెరా లేకుండా.

"సినిమా తయారైంది మాస్టారూ. ఎక్కడికీ పంపకముందు అందులో ఉన్నవాళ్ళకే చూపించడం నాకు అలవాటు. మీ వీధిలోనే, వార్డు హాల్లో వేస్తాను. మీకు నచ్చనిది ఏదున్నా తీసేస్తా, మాట ఇస్తున్నా."

"నేనున్నవన్నీ తీసెయ్యమ్మా."

ఆమె నవ్వింది. "అన్నింట్లోనూ మీరే కదా ఉన్నారు! ముందు చూడండి, తర్వాత చెప్పండి." గుమ్మం దాటబోతూ, "అధికారిగారు కూడా వస్తారు. ఆయన చూశాకే బయటికి పంపాలని షరతు" అంది.

మాస్టారి పై ప్రాణాలు పైనే పోయాయి.

ఆ సాయంత్రం హాలు నిండిపోయింది. గోడకు తెల్లగుడ్డ కట్టారు. ముందు వరసలో వార్డు అధికారి, పక్కన తాళాలావిడ బావగారు, ఆ వెనక రొట్టెల దుకాణం ఆయన, తపాలా వాళ్ళు, గుర్తులు పీకించుకున్నవాళ్ళు అందరూ. తాళాలావిడ గోడ వారగా నిలబడింది. మాస్టారు చివరి వరసలో, తలుపు దగ్గర కూర్చున్నాడు.

సినిమా మొదలైంది. జనం తమను తాము చూసుకుని నవ్వారు, ఒకరినొకరు పొడుచుకున్నారు. మాస్టారు మాత్రం మనుషుల్ని చూడలేదు. తెరమీద అద్దం ఎక్కడుంటే అక్కడే ఆయన కళ్ళు. అద్దంలో ఏమూల ఏం కదిలినా ఊపిరి బిగబట్టేవాడు. ఒక మూల కర్టెన్ అంచు, ఒక మూల ఇస్త్రీపెట్టె పొగ. మంచం కోడు లేదు. తమ్ముడి కాలు లేదు. అద్దం ఈడ్చిన ముక్క కూడా వచ్చింది, వచ్చినట్టే వెళ్ళిపోయింది. ఆయన్ను ఎవరూ తిరిగి చూడలేదు. మాస్టారు నెమ్మదిగా వీపు కుర్చీకి ఆనించాడు. చాలా కాలానికి భుజాలు కిందికి దిగాయి.

అప్పుడు తెర మీద ఆయన టీ పోశాడు.

చలికాలం, స్వెట్టర్ వేసుకుని స్టవ్ దగ్గర నిలబడి రెండు కప్పుల్లో టీ పోసి, రెండూ పట్టుకుని కర్టెన్ వెనక్కి వెళ్ళాడు. వెంటనే వానాకాలం, తలుపు బయట నీళ్ళు కారుతున్నాయి, రెండు కప్పులు, కర్టెన్ వెనక్కి. ఎండాకాలం, బనీను మీద టేపు, రెండు కప్పులు, కర్టెన్ వెనక్కి. ఏడాది గడిచిందని చెప్పడానికి ఆ అమ్మాయి ఎంచుకున్న తీరది. చూడటానికి బాగుంది కూడా. జనం కప్పు కప్పుకూ నవ్వారు. పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగినట్టు, తమ్ముడు మామూలుగా ఉండమన్నాడు కదా అని ఆయన రోజూ మామూలుగానే టీ పోశాడు. అద్దం దాచాడు, మంచం దాచాడు, గురక దాచాడు. చేతిలో ఏముందో చూసుకోలేదు.

"మాస్టారు రెండు కప్పులు లాగిస్తారన్నమాట! అందుకే నిద్రపట్టదు" అన్నాడు రొట్టెల దుకాణం ఆయన. అందరూ ఘొల్లుమన్నారు.

అధికారి నవ్వలేదు. చెయ్యెత్తాడు. సినిమా ఆగింది, ఎవరో లైటు వేశారు.

"మాస్టారూ, మీరు ఒంటరిగా ఉంటారు కదూ?"

"చిత్తమండి."

"మరి ఆ రెండో కప్పు ఎవరికి?"

హాలంతా వెనక్కి తిరిగింది. మాస్టారు నోరు తెరిచాడు. నాలుగు అబద్ధాలు సిద్ధం చేసుకున్న మనిషికి ఐదోది అవసరమవుతుందని తోచలేదు. నాకే అనొచ్చు, చల్లారితే ఇంకోటి అనొచ్చు, ఇప్పుడు మనకు వంద తోస్తాయి. అక్కడ ఆయనకు తమ్ముడి మొహం తప్ప ఏమీ తోచలేదు. చెమట టేపు మీదుగా కారింది. సినిమా అమ్మాయి ప్రొజెక్టర్ పక్కన నిలబడి ఆయన మొహం చూసింది. ఏడాది అంతా చూసిన మొహమే. ఏం చూపించేసిందో అప్పుడర్థమైంది ఆమెకు.

"చెప్పరేం?" అన్నాడు అధికారి లేచి నిలబడుతూ.

"ఆ కప్పు నాది."

గోడ వారనుంచి వచ్చింది ఆ మాట. తాళాలావిడ. చీర చెంగు నడుముకు దోపుకుని, ఎవరితోనో పోట్లాటకు దిగబోతున్నట్టు నిలబడింది.

"నాదే అంటున్నా. పెరటి గుమ్మంలోంచి వెళ్తా. రోజూ వెళ్తా. ఆయన నోరు విప్పనిది నా పరువు పోతుందని. ఇక ఇంతమందిలో అడిగాక దాచేదేముంది?"

ముందు వరసలో బావగారు మెల్లగా తల తిప్పి మరదలికేసి చూశాడు. ఆ చూపులో కొట్టు తలుపు మూతపడటం అందరికీ కనపడింది. ఆవిడకు కూడా కనపడే ఉంటుంది. గడ్డం మాత్రం దించలేదు.

అధికారి ఆమెను నమ్మినట్టూ లేదు, నమ్మనట్టూ లేదు. సినిమా అమ్మాయి వైపు తిరిగాడు. "మీరు ఏడాది అక్కడే కూర్చున్నారుగా. చెవులకు అవి పెట్టుకుని. మీకు తెలియకుండా ఉండదు. నిజమేనా?"

ఆ అమ్మాయి తన పనిలో ఏనాడూ ఒక కుర్చీ జరపలేదు. ఒక మనిషిని ఇలా చూడండి అనలేదు. ఉన్నది ఉన్నట్టు తప్ప చూపించనని పంతం పట్టిన మనిషి.

"కర్టెన్ వెనక్కి మేం ఎప్పుడూ వెళ్ళలేదండీ. కానీ ఆవిడ మాట వినపడేది. నవ్వు కూడా. సినిమాలో పెట్టడం మర్యాద కాదని తీసేశాను."

అధికారి ఒక్క క్షణం ముగ్గుర్నీ మార్చి మార్చి చూశాడు. తర్వాత పెదవి వంచి నవ్వాడు. "ఈ వయసులో టీలా మాస్టారూ!" అన్నాడు. హాలు మళ్ళీ నవ్వింది, కానీ ఈసారి నవ్వు వేరు. బావగారు కుర్చీ వెనక్కి తోసి, ఎవరినీ చూడకుండా బయటికి వెళ్ళిపోయాడు. మాస్టారు తల వంచుకున్నాడు. జనం సిగ్గనుకున్నారు. ఆయన వణుకు ఆపుకుంటున్నాడు.

బయట మెట్ల మీద సినిమా అమ్మాయి ఆయన్ను పట్టుకుంది. కళ్ళు ఎర్రబడి ఉన్నాయి. "ఒక్కసారి అడగాల్సింది మాస్టారూ. రెండో కప్పు ఎవరికని ఒక్కసారి అడిగి ఉంటే..."

"అడిగినా చెప్పేవాణ్ణి కాదమ్మా" అన్నాడు మాస్టారు. ఆమెను ఓదార్చడానికి అన్న మాట కాదది, నిజం. "ఆ ముక్క తీసెయ్యి."

"ఇప్పుడు తీసేస్తే ఎందుకు తీశావంటాడు."

అదీ నిజమే. ఏడాది ఒక గదిలో కూర్చున్నవాళ్ళు, ఒకరినొకరు అడిగింది అంతే.

తెల్లవారాక మాస్టారు కొట్టు తెరిచేసరికి పక్క కొట్టుకు కొత్త తాళం వేలాడుతోంది. వీధిలో ఏ తాళమైనా చిటికెలో విప్పే మనిషి, దాని ముందు ఒక ట్రంకుపెట్టెతో నిలబడి ఉంది. మాస్టారిని చూడగానే పెట్టె ఎత్తుకుని తిన్నగా లోపలికి వచ్చి, కోత బల్ల దగ్గర, వీధిలోకి కనపడేలా కూర్చుంది.

"టీ పెట్టండి. ఆయన వస్తాడు."

"ఎవరు?"

"ఎవరేంటి? పొద్దున్నే వచ్చి చూడకుండా ఉంటాడా? నేను ఇక్కడ లేకపోతే రాత్రి చెప్పిందంతా గోవిందా. పెట్టండి పెట్టండి, నిలబడి చూస్తారేం!"

మాస్టారు టీ పోస్తుంటే సగం స్టవ్ మీదే ఒలికింది. కప్పు ఆవిడ చేతికి అందిందో లేదో, గుమ్మంలో నీడ పడింది. వార్డు అధికారి. చేతిలో ఒక ప్యాంటు. నడుం బిగుతైందట, కాస్త వదులు చెయ్యాలట. మాస్టారు టేపు తీసి ఆయన నడుం చుట్టూ వేశాడు. అంత దగ్గరగా నిలబడితే అధికారి ఊపిరి మాస్టారి నుదుటికి తగులుతోంది. అధికారి చూపు ఆయన భుజం మీదుగా కర్టెన్ మీద ఉంది. టేపు మీద అంకె మాస్టారికి కనపడటం లేదు.

"ఎంత?" అన్నాడు అధికారి.

"మాస్టారూ, చక్కెర ఎక్కడ పెట్టారు?" అంది తాళాలావిడ విసుగ్గా. "రోజూ ఇదే వరస. ఒకరోజు వేస్తారు, ఒకరోజు మర్చిపోతారు." లేచి, కప్పు పట్టుకుని, అధికారి పక్కనుంచే నడిచి, తన ఇంట్లోకి వెళ్ళినంత దర్జాగా కర్టెన్ తొలగించుకుని వెనక గదిలోకి వెళ్ళింది. లోపల డబ్బాల మూతలు తీసిన చప్పుడైంది. చక్కెర కలుపుకుంటూ బయటికి వచ్చి మళ్ళీ అక్కడే కూర్చుంది.

అధికారి ఆమెను చూశాడు, పెట్టెను చూశాడు, కప్పును చూశాడు. "ఎల్లుండికి ఇవ్వండి" అని ప్యాంటు బల్ల మీద పడేసి వెళ్ళిపోయాడు. బూట్ల చప్పుడు మలుపు తిరిగేదాకా కొట్లో ఎవరూ కదలలేదు.

కదిలింది మొదట ఆవిడ చెయ్యే. కప్పు సాసర్‌కు టకటకా కొట్టుకుంటోంది. రెండో చెయ్యి వేసి పట్టుకుంది, అయినా ఆగలేదు. మాస్టారు కప్పు తీసి బల్ల మీద పెట్టాడు.

"మీకు ఎప్పట్నుంచి తెలుసు?"

"మనిషి వచ్చిన వారానికే. గోడ ఎంత మందమనుకున్నారు? పగలంతా ఒకటే గురక. ఆ మైకు అమ్మాయికి వినపడుతుందేమోనని నాకు ప్రాణం పోయేది. గురక మొదలైతే చాలు, తాళంచెవి ఉన్నా లేకపోయినా కోత మిషన్ వేసేసేదాన్ని."

"మీకు బేరాలు పెరిగాయనుకున్నా" అన్నాడు మాస్టారు. ఆ తెలివితక్కువ మాట తప్ప ఇంకేమీ అనలేకపోయినందుకు సిగ్గుపడ్డాడు. "మీ కొట్టు పోయింది. మీ పేరు పోయింది. నా మూలాన."

వీధిలో ఎవరో కొట్లోకి తొంగిచూసి, నవ్వుకుంటూ వెళ్ళారు. ఆవిడ చెంగు భుజం చుట్టూ లాక్కుంది.

"నాకు భయంగా ఉంది మాస్టారూ" అంది. నోరున్న ఆ మనిషి గొంతు అంత చిన్నగా ఉండగలదని వీధిలో ఎవరికీ తెలియదు. "రాత్రి అనేశానే గానీ, ఒళ్ళంతా భయంగా ఉంది. ఎక్కడికి వెళ్ళాలో తెలియడం లేదు."

పిరికివాడికి భయం కొత్త కాదు. దాన్ని ఇంకొకరితో పంచుకోవడమే కొత్త. మాస్టారు వీధి తలుపు సగం మూశాడు. కర్టెన్ దగ్గరికి వెళ్ళి, నెలల తరబడి పట్టి ఉంచిన ఆ అంచును పక్కకు తీశాడు.

"రారా. ఆవిడ నిన్ను చూడాలి."

ఇందాకటి నుంచీ మంచం కింద దాక్కున్న తమ్ముడు గుమ్మంలోకి వచ్చి ఆగాడు. ఎండ లేక పాలిపోయి, చొక్కా వదులై, భుజాల ఎముకలు కనపడుతూ, ఒక కాలు ఎత్తి వేస్తూ. చేతులు జోడించాడు. తాళాలావిడ అతన్ని కిందినుంచి పైదాకా చూసింది. ఆమె కళ్ళు నిండాయి.

"ఇంత సన్నగా ఉన్నావేం నాయనా?" అంది. "ఆ గురక విని పెద్ద పర్వతంలాంటి మనిషనుకున్నాను."

తమ్ముడు నవ్వబోయాడు. నవ్వు రాక ఏడ్చాడు. ఆవిడ జరిగి పక్కన చోటిచ్చింది, వీధిలోంచి కనపడని వైపు.